అంటు మొక్కలు పీకేయమనే మెసేజ్‌కి నా జవాబు

ఈ వారంలో ఇది నాలుగోసారి. మా పర్లాకిమిడి వీధి గ్రూపులో వచ్చింది, కాశీనగర్ బంధువులు పంపారు, బరంపురంలో చదివే మేనల్లుడూ పంపాడు. "బజారు మామిడి తిని టెంక నాటండి, మూడేళ్ళలో అదే పండు కాస్తుంది. నర్సరీ అంట్లు మందులతో తయారైనవి, ఒంటికి చేటు, పీకేయండి. ఆపిల్ గింజ కూడా ఇంట్లో కాస్తుంది. గింజలు ఎండబెట్టి దాచుకుని ప్రయాణాల్లో దారంతా చల్లండి."

ఆపిల్‌కి చలికాలం గట్టిగా ఉండాలి. మన ఊళ్ళో మొక్క మొలిచినా కాయ ఆశించకండి.

మామిడి, పనస పిక్కలు ఎండితే చచ్చిపోతాయి. పండు తిన్న వారంలోనే నాటాలి, దాచకూడదు.

ఇక "అదే పండు". సువర్ణరేఖ మామిడి పూతకి పుప్పొడి ఏ చెట్టు నుంచి వచ్చిందో ఎవరికి తెలుసు? టెంకలో ఉన్నది ఆ రెండు చెట్ల బిడ్డ. పాతపట్నంలో కొన్న సువర్ణరేఖ టెంకని మా నాన్న పెరట్లో నాటారు. ఎనిమిదో ఏట కాసింది. అంతా పీచు, పులుపు.

నాకు కోపం తెప్పించింది మాత్రం అంట్ల మాట. అంటు కట్టడానికి కావలసింది ఒక అడుగు మొక్క, దాని మీద అతికించడానికి మంచి చెట్టు కొమ్మ, కత్తి, చుట్టడానికి ప్లాస్టిక్ పట్టీ. ఇందులో ఏ మందు ఉంది? ఎవరు చూశారు? కొమ్మ తల్లి చెట్టుదే కాబట్టి పండు కూడా తల్లిదే, మూడు నాలుగేళ్ళకే కాపు మొదలవుతుంది. "అంటు పుల్లగా మారిపోయింది" అనే వాళ్ళు ఒక్కసారి చెట్టు మొదలు చూడండి. అతుకు కింద వచ్చిన చిగుళ్ళని తుంచకుండా వదిలేస్తే అవే పెరిగి పైకొమ్మని మింగేస్తాయి. అప్పుడు మీరు తినేది అడుగు మొక్క కాయ. తప్పు అంటుది కాదు.

ఈ మెసేజ్ చదివి మా ఎదురింటి పిన్ని పూతకొచ్చిన రెండు అంట్లు పీకించేసింది. మూడేళ్ళు బిందెలతో నీళ్ళు మోసి పెంచిన మొక్కలవి!

అయినా ఒకటి ఒప్పుకోవాలి. నిమ్మ గింజలో చాలా మొలకలు తల్లి కణజాలం నుంచే వస్తాయి, అందుకే గింజ మొక్క ఎక్కువగా తల్లిలాగే కాస్తుంది. బొప్పాయినైతే అందరం గింజతోనే పెంచుతాం. అంతెందుకు, మామిడి అంటుకి అడుగున ఉండేది కూడా టెంక మొక్కే. కాబట్టి టెంక నాటండి, మొక్క బలపడ్డాక దాని మీద మంచి కొమ్మ కట్టించుకోండి. పిన్నికి నిన్న రెండు కొత్త అంట్లు తెచ్చిచ్చాను. పాత గుంతల్లోనే పెట్టింది.