తాలును తేజ రేటుకు అమ్మే లెక్క

మన పిల్లలకు మాత్రికలు (అంకెలను అడ్డు, నిలువు వరుసల్లో పేర్చిన పట్టికలు) గుణించడం రాదు. ఈఏపీసెట్‌లో మంచి ర్యాంకు తెచ్చుకున్నవాళ్లను కూడా కలుపుకునే ఈ మాట అంటున్నాను. నిమిషంలోపే జవాబు పెట్టేస్తున్నారు కదా అంటారేమో. పెడతారు, కానీ గుణించి పెట్టరు. ఎడమవైపు పై గడి ఒక్కటి కట్టి, ఆ అంకె ఏ ఆప్షన్‌లో ఉందో చూసి, క్లిక్ చేసి ముందుకెళ్తారు. 180 నిమిషాల్లో 160 ప్రశ్నలు, అందులో 80 లెక్కలవే, పైగా కాలిక్యులేటర్ ఉండదు. పరీక్ష హాల్లో అలా చేస్తే నేనూ తప్పుపట్టను. నా గొడవల్లా ఒకటే. విజయవాడలో గానీ, మా గుంటూరులో గానీ చాలా చోట్ల పాఠమే అక్కడ మొదలవుతోంది. ముందు షార్ట్‌కట్ చెబుతారు, అసలు లెక్క తర్వాత చూద్దాం అంటారు. ఆ తర్వాత అనేది ఎప్పటికీ రాదు.

నేను బ్రాడీపేటలో ఇంటర్ పిల్లలకు ట్యూషన్ చెబుతాను. కొత్తగా చేరినవాళ్లను ఒకటి అడుగుతుంటాను. కూడేటప్పుడు గడికి గడి కూడుతున్నాం కదా, గుణించేటప్పుడు మాత్రం అడ్డు వరుసను తీసుకెళ్లి నిలువు వరుసతో ఎందుకు గుణిస్తున్నాం? "రూల్ మేడమ్" అంటారు. ఎవరు పెట్టారమ్మా ఆ రూలు అంటే నవ్వుతారు. చెప్పినవాళ్లు ఉంటే కదా, పిల్లలను అని ఏం లాభం.

మిర్చి యార్డు ఉన్న ఊళ్లో దీని జవాబు కోసం ఎక్కడికీ పోనక్కర్లేదు. ఇద్దరు రైతులు ఉన్నారనుకోండి. మొదటాయన దగ్గర 8 క్వింటాళ్ల తేజ (మంచి రకం మిర్చి), 2 క్వింటాళ్ల తాలు (నాసిరకం కాయ). రెండో ఆయన దగ్గర 5 క్వింటాళ్ల తేజ, 4 క్వింటాళ్ల తాలు. రైతుకో అడ్డు వరుస, రకానికో నిలువు వరుస, ఇది సరుకు మాత్రిక. రెండోది రేట్ల మాత్రిక, అందులో రకానికో అడ్డు వరుస, రోజుకో నిలువు వరుస. క్వింటా తేజ సోమవారం 15 వేలు, గురువారం 16 వేలు. తాలు సోమవారం 7 వేలు, గురువారం 6 వేలు. (లెక్క కోసం నేను అనుకున్న రేట్లు ఇవి. యార్డుకెళ్లి అడిగి నన్ను తిట్టుకోకండి.)

మొదటాయన సరుకంతా సోమవారం అమ్మితే ఎంత? ఎనిమిది పదిహేన్లు 120, రెండు ఏడులు 14, మొత్తం 134 వేలు. కమీషన్ కొట్లో గుమస్తా అయినా ఇలాగే కడతాడు. ఆయన చేసింది అడ్డు వరుసను నిలువు వరుసతో గుణించడమే, ఆ పేరు తెలియకపోవచ్చు. గురువారం అమ్మితే 140 వేలు. రెండో ఆయనకు 103, 104. నాలుగు గడులూ నిండాయి, జవాబు వచ్చేసింది. మొదటిదాని నిలువు వరుసల సంఖ్య, రెండోదాని అడ్డు వరుసల సంఖ్య ఎందుకు సమానం కావాలో ఇక వేరే చెప్పాలా? సరుకు రెండు రకాలుండి రేట్లు మూడు రకాలకుంటే ఎవరు మాత్రం ఏం కడతారు?

ఇప్పుడు తిరగేయండి. రేట్లు ముందు, సరుకు తర్వాత. లెక్క ఆగదు, అంకెలు వస్తూనే ఉంటాయి. పై వరుస రెండో గడిలో 15 ఇంటూ 2, 16 ఇంటూ 4, కలిపి 94. ఏమిటీ 94? ఇద్దరి తాలునూ తేజ రేటుకు అమ్మేశాం! అలా కొనేవాడు దొరికితే రైతుకు అంతకన్నా ఏం కావాలి. ఏ, బీ అనే మాత్రికలకు ఏబీ, బీఏ సమానం కావని బట్టీపట్టిన పిల్లాడు, ఈ 94 చేత్తో కట్టి బిత్తరపోయిన పిల్లాడు ఒకటి కాదు. ఆ మాటకొస్తే 1925లో భౌతికశాస్త్రవేత్త హైజెన్‌బర్గ్ కూడా తన పరమాణువుల లెక్కలో క్రమం మారిస్తే గుణకారం జవాబు మారిపోతోందని ఇబ్బందిపడ్డాడు. ఆ పట్టికలు మాత్రికలేనని గుర్తుపట్టింది మాక్స్ బోర్న్. గణితవేత్త కేలీ ఆ గుణకారాన్ని 1858లోనే రాసిపెట్టాడు.

చేత్తో చేస్తే తప్పులు రావా అంటే, వస్తాయి. పట్టుకునే దారీ ఉంది. సరుకు మాత్రికలో నిలువు వరుసల మొత్తాలు 13, 6. రేట్ల మాత్రికలో అడ్డు వరుసల మొత్తాలు 31, 13. పదమూడు ముప్పైఒకట్లు 403, ఆరు పదమూళ్లు 78, కలిపితే 481. జవాబులోని 134, 140, 103, 104 కూడినా అదే 481 రావాలి. గడులు తారుమారు చేసి రాస్తే ఇది పట్టుకోలేదు గానీ, కూడికల్లో దొర్లిన తప్పులు చాలావరకు దొరికిపోతాయి. ఎందుకలా వస్తుందో పిల్లలనే ఆలోచించమంటాను.

నాకు అన్నిటికన్నా కడుపుమండేది కాస్, సైన్ మాత్రిక. దాన్ని ఎన్‌సార్లు గుణిస్తే కోణం ఎన్‌రెట్లు అవుతుందని ఇండక్షన్‌తో నిరూపించే లెక్క ఇంటర్ మొదటి ఏడాది మ్యాథ్స్ 1ఏ పేపరులో ఏళ్లతరబడి ఉండేది. ఇంపార్టెంట్ అని స్టార్ గుర్తు పెట్టి మరీ చేయించేవారు. ఆ మాత్రిక బిందువును ఒక కోణం తిప్పుతుందనీ, మళ్లీ గుణించడమంటే మళ్లీ తిప్పడమేననీ చెప్పడానికి రెండు నిమిషాలు పట్టదు. పై వరుస 0, −1, కింది వరుస 1, 0 ఉన్న మాత్రికను దానితోనే గుణించమనండి. యూనిట్ మాత్రికకు (పై వరుస 1, 0, కింది వరుస 0, 1) మైనస్ పెట్టినట్టు వస్తుంది. 90 డిగ్రీలు రెండుసార్లు తిరిగితే వెనక్కి తిరిగి నిలబడతాం, అంతే. ఇది విన్న పిల్ల ముఖం చూడాలి మీరు.

ఇక సాఫ్ట్‌వేర్ బాబాయిలు ఉంటారు. పైథాన్‌లో ఒక్క లైను రాస్తే అయిపోయేదానికి ఈ తిప్పలేంటమ్మా అంటారు. నిజమే, నూరు వరుసల మాత్రికను చేత్తో చేయమని నేనూ అనను. కానీ రెండు రెళ్ల (2×2) మాత్రికలకు 8 గుణకారాలు కావాలని అందరూ అనుకుంటున్న రోజుల్లో, 7 చాలని 1969లో చూపించాడు గణితవేత్త స్ట్రాసెన్. కూడికలు, తీసివేతలు కలిపి 4 నుంచి 18కి పెరుగుతాయి, కాబట్టి కాగితం మీద మనకు నష్టమే. మాత్రికలు బాగా పెద్దవైనప్పుడు మాత్రం కంప్యూటర్‌కు లాభం. అంత సంగతి ఆ నాలుగు గడుల్లోనే దాగి ఉంది. ఇప్పుడు హోర్డింగుల మీద ఏఐ కోర్సులని రాస్తున్నారే, ఆ ఏఐ లోపల రాత్రింబవళ్లు జరిగేది కూడా ఎక్కువగా ఈ గుణకారమే.

అలాగని పేజీలకు పేజీలు మూడు మూళ్ల మాత్రికలు హోంవర్క్ ఇచ్చేవాళ్లనూ నేను సమర్థించను. ఒక్కోదానికి 27 గుణకారాలు, 18 కూడికలు. మూడోదానికి వచ్చేసరికి పిల్లాడు నిద్రలో చేస్తుంటాడు. ఒకటి ఇవ్వండి, ప్రతి గడీ ఏమిటో మాటల్లో రాయమనండి. నేను అదే చేస్తాను, అందుకే నా బ్యాచ్ నత్తనడక. మొన్న ఒక తండ్రి వచ్చి, "మేడమ్, పక్క బ్యాచ్‌లో మాత్రికలు వారంలో అయిపోయాయంట" అన్నాడు. అయిపోయే ఉంటాయండీ అన్నాను.