హార్లీ క్విన్ రచయితకు అడ్డొచ్చిన బొమ్మల వ్యాపారం

1992 సెప్టెంబరులో అమెరికాలో 'బ్యాట్‌మ్యాన్: ది యానిమేటెడ్ సిరీస్' మొదలైంది. మొదటి వారాల్లోనే వచ్చిన ఒక ఎపిసోడ్‌లో విలన్ జోకర్ పక్కన నవ్వించే అనుచరురాలు ఒకరు కావాల్సి వచ్చింది. రచయిత పాల్ డీనీకి కాలేజీ నాటి స్నేహితురాలు, నటి ఆర్లీన్ సార్కిన్ గుర్తొచ్చింది. ఆమె ఒక టీవీ సీరియల్లో విదూషకి వేషం వేసింది. ఆ సిరీస్ యానిమేటర్ బ్రూస్ టిమ్ బొమ్మ గీశాడు, గొంతు సార్కినే ఇచ్చింది. ఒక్క ఎపిసోడ్‌తో అయిపోవాల్సిన ఆ హార్లీ క్విన్ కామిక్స్‌లోకి, 2016 నాటికి హాలీవుడ్ సినిమాలోకీ వెళ్లిపోయింది.

డీనీ తొలినాళ్లలో పనిచేసిన చోటు ఫిల్మేషన్ స్టూడియో. అక్కడ తయారైన 'హీ-మ్యాన్' మాటెల్ కంపెనీ బొమ్మల ఆధారంగా వచ్చిన షో. బొమ్మ ముందు, కథ తర్వాత. ఎపిసోడ్ చివర పిల్లలకు ఒక నీతి కూడా అంటించేవారు.

అలాంటి చోటు నుంచి వచ్చిన మనిషి అదే బ్యాట్‌మ్యాన్ సిరీస్‌లో 'హార్ట్ ఆఫ్ ఐస్' అనే ఎపిసోడ్ రాయడమే నాకు ఆశ్చర్యం. అంతకుముందు మిస్టర్ ఫ్రీజ్ అంటే మంచు తుపాకీ పట్టుకు తిరిగే మామూలు విలన్. డీనీ అతనికి జబ్బుపడిన భార్య నోరాను ఇచ్చాడు. ఆమెను బతికించాలని శీతల యంత్రంలో భద్రపరిస్తే, ఖర్చు దండగని కంపెనీ యజమాని ఆ ప్రయోగాన్ని ఆపించేస్తాడు. ఇరవై రెండు నిమిషాల్లో ఇదంతా! మనకు ప్రాణమైనదాన్ని ఎవరో లాక్కుంటే ఎలా ఉంటుందో ఆరేళ్ల పిల్లకీ తెలుసు. అందుకే ఆ కథకు పిల్లల స్థాయి అంటూ తగ్గించి రాయాల్సిన అవసరం పడలేదు. దానికి డేటైమ్ ఎమ్మీ అనే టీవీ అవార్డు వచ్చింది. తర్వాత కామిక్స్ కూడా అదే గతాన్ని ఫ్రీజ్‌కు ఖాయం చేశాయి.

మరి రచయితకు మిగిలేదేంటి? అమెరికాలో యానిమేషన్ రచన చాలావరకు సినిమా, టీవీ రచయితల యూనియన్ అయిన రైటర్స్ గిల్డ్ కిందికి రాదు, కార్టూన్ పనివాళ్ల యూనియన్ అయిన యానిమేషన్ గిల్డ్ కిందికి వస్తుంది. మామూలు సీరియల్ రచయితకు మళ్లీ ప్రసారమైనప్పుడల్లా చేతికొచ్చే రెసిడ్యువల్ డబ్బు కార్టూన్ రచయితకు అలా రాదు. పేరు సంగతి సరేసరి. హైదరాబాద్‌లో తయారైన 'ఛోటా భీమ్' స్కూలు బ్యాగుల మీదికి ఎక్కింది కానీ, దాని ఎపిసోడ్లు ఎవరు రాశారని ఏ ఇంట్లోనూ అడగరు.

డబ్బు కంటే పెద్ద చిక్కు ఇంకోటి ఉంది. 2013లో సినిమా దర్శకుడు కెవిన్ స్మిత్ పాడ్‌కాస్ట్‌లో డీనీ దాచకుండా చెప్పాడు: సూపర్‌హీరో కార్టూన్లను అమ్మాయిలు ఎక్కువగా చూస్తున్నారంటే టీవీ నెట్‌వర్క్ అధికారులకు అది శుభవార్త కాదట. వాళ్లు బొమ్మలు కొనరని లెక్క. హార్లీని సృష్టించిన రచయిత ముందే ఈ లెక్కలు! నిజానికి అమ్మాయిలు కొనకపోవడం కాదు, వాళ్లు కొనేవి తయారుచేయాలని ఎవరికీ తట్టలేదు. 2016లో సినిమా రాగానే హాలోవీన్‌కు ఎంతోమంది హార్లీ వేషమే వేసుకున్నారు.

2019లో హార్లీ పేరుతోనే ఒక యానిమేషన్ సిరీస్ వచ్చింది. అది పిల్లలకు కాదు, పెద్దలకు.