అధ్యక్షా, వెనక కుడి స్పీకరుకు మైకివ్వండి

రాష్ట్రం మొత్తానికి ఒక్క స్పీకరు సరిపోతాడు. మా హాలు వెడల్పు పదడుగులు, పొడవు పదకొండు. అందులో కంప్యూటరు పాటలు పాడే స్పీకర్లు ఆరుగురున్నారు. వాళ్లలో ముగ్గురిది దాదాపు మౌనవ్రతం. మరీ ముఖ్యంగా వెనక కుడివైపు సభ్యుడు. ఫ్రిజ్ మీద, ఆవకాయ జాడీకీ కరెంటు బిల్లుల కట్టకీ మధ్య ఆయనకు సీటు కేటాయించాం. సభకొచ్చి పదకొండు నెలలైంది. ప్రశ్నోత్తరాల్లో లేడు, జీరో అవర్లో లేడు, వాకౌట్ చేద్దామన్నా తీగ పొడవు ఐదు మీటర్లే. ఇన్నాళ్లలో ఆయన మాట్లాడింది ఒకే ఒక్క మాట. అదేమిటో, దాని పర్యవసానం ఏమిటో సందర్భం వచ్చినప్పుడు మనవి చేస్తాను. ముందు ఆయనకు జరిగిన అన్యాయం సభ దృష్టికి రావాలి.

"కంప్యూటరుకి రెండు స్పీకర్లున్నాయిగా, చాలవా?" అని మా ఆవిడ అడిగిన రోజున నా దగ్గర జవాబుండి ఉంటే ఈ వ్యాసమే ఉండేది కాదు. జవాబు లేకనే కోఠి గుజరాతీ గల్లీకి వెళ్లాను. అక్కడొక షాపాయన మంచం కోడంత పొడుగున్న అట్టపెట్టె మీద చెయ్యేసి, "పదివేల వాట్లు సార్" అన్నాడు. పెట్టె మీద కూడా అదే అంకె ఉంది, పక్కన చీమ తలంత అక్షరాల్లో పీఎంపీఓ అని ఉంది. పీక్ మ్యూజిక్ పవర్ ఔట్‌పుట్, అంటే ఒక్క క్షణం గట్టిగా అరిస్తే వచ్చే శక్తి అని చెప్పుకుంటారు గానీ, దానికి ఇదీ కొలత అని ఎవరూ ఖాయం చెయ్యలేదు. ఎన్నికల హామీకి ఎంత విలువో దానికీ అంతే. ఇంట్లో మామూలు ప్లగ్గు ఆరు ఆంపియర్లది, వచ్చే కరెంటు 230 వోల్టులు. హెచ్చవేసి చూడండి, 1,380 వాట్లు. పదివేలు నిజంగానే లాగితే ముందు పాడేది స్పీకరు కాదు, గోడలో వైరు. పెట్టె వెనక్కి తిప్పితే స్టిక్కరు మీద అసలు సంగతి ఉంది: 60 వాట్లు. నేను చదివాను. నేను చదవడం ఆయన చూశాడు. ఇద్దరం పెద్దమనుషులం గనక ఆ విషయం ఎత్తుకోలేదు.

ఫైవ్ పాయింట్ వన్ అంటే ఏమిటో తెలియని సభ్యుల కోసం ఒక్క మాట. ముందు కుడి, ముందు ఎడమ, మధ్య, వెనక కుడి, వెనక ఎడమ: ఈ ఐదుగురూ పూర్తి స్థాయి సభ్యులు. ఆరోది సబ్‌వూఫర్, అంటే సుమారు 120 హెర్ట్జ్ లోపు ఉరుములూ గర్జనలూ మాత్రమే పలికేది. పలికే మేర చిన్నది కాబట్టి దాన్ని పాయింట్ వన్ అన్నారు. ఇంట్లో అన్నిటికంటే పెద్ద శరీరం, లెక్కలో పదో వంతు! అష్టావధానం చూసిన జాతికి మనిషిని నడిమధ్య కూర్చోబెట్టి చుట్టూ మాట్లాడించడం కొత్తేమీ కాదు. అక్కడ సమస్య ఇచ్చేవాడు, దత్తపది ఇచ్చేవాడు, నిషిద్ధాక్షరి పట్టేవాడు ఎంత బుద్ధిగా ఉన్నా, మధ్యలో అప్రస్తుత ప్రసంగి ఒకాయన దూరి "అవధానిగారూ, మీ ఊళ్లో గేదెలు ఈనాయా?" అంటాడు చూడండి. సబ్‌వూఫర్ అదే. కింది ఫ్లాటు వాళ్లకు పద్యం వినిపించదు, అప్రస్తుత ప్రసంగం ఒక్కటే వినిపిస్తుంది.

ఇక కలపడం. దీనికి పురోహితుడు అక్కర్లేదంటారు గానీ జాతకాలు మాత్రం ఉన్నాయి. మైక్రోసాఫ్ట్, ఇంటెల్ వారు కలిసి పీసీ 99 అని ఒక నియమావళి రాసి ఏ కన్నానికి ఏ రంగో నిర్ణయించారు. తర్వాత వాడుకలో స్థిరపడ్డ లెక్క ఇది: ఆకుపచ్చ ముందువాళ్లకి, నలుపు వెనకవాళ్లకి, నారింజ మధ్య స్పీకరుకీ సబ్‌వూఫర్‌కీ కలిపి. లేత నీలం బయటి నుంచి శబ్దం లోపలికి రావడానికి, గులాబీ మైకుకి. చక్కగా ఉంది. నా తీగల చివర్లు కూడా ఆకుపచ్చ, నలుపు, నారింజ. ఫోను టార్చి పళ్ల మధ్య పట్టుకుని, బల్ల కిందికి పాకి, క్యాబినెట్ వెనక తల పెట్టి చూస్తే అక్కడున్న కన్నాలు మూడు: నీలం, ఆకుపచ్చ, గులాబీ. నలుపూ లేదు, నారింజా లేదు. పెళ్లికొడుకులు ముగ్గురొస్తే విడిదింట్లో ఒక్క సంబంధమే కుదిరింది.

ఇటువంటి ఇళ్లలో రంగు కలవని పెళ్లిళ్లే గతి. నలుపును నీలంలో, నారింజను గులాబీలో దూర్చాలి. దూర్చగానే తెర మీద ఒక కిటికీ తెరుచుకుని "ఇప్పుడు పెట్టిందేమిటి?" అని నిలదీస్తుంది. వెనక స్పీకరని ఒప్పుకుంటే కన్నం కులం మార్చుకుని, అప్పటిదాకా లోపలికి తీసుకునేది కాస్తా బయటికి పంపడం మొదలుపెడుతుంది. ఇంత ఉదారత ఇనుప డబ్బాలో ఉంటుందని నేననుకోలేదు. కానీ ఒక్క విషయం గమనించండి. గులాబీ కన్నం మైకుది. అది నారింజకి వెళ్లిపోయాక మైకుకి చోటేదీ? మర్నాడు ఆఫీసు మీటింగులో పావుగంట మాట్లాడాను. అందరూ నావైపు జాలిగా చూస్తున్నారు. "మీ మాట వినబడటం లేదు" అని ఒకరు రాసి చూపించారు. అంటే ఆరు నోళ్లు సంపాదించుకోవడానికి ఉన్న ఒక్క చెవీ అమ్ముకున్నానన్నమాట. అసెంబ్లీలో ప్రతిపక్షం మైకు కట్ చేశారని ఇకమీదట ఎవరైనా అరిస్తే నేను నవ్వను.

ఆ రాత్రి ఇంకొకటి. ఆకుపచ్చ జాక్ చివరిదాకా దిగలేదు, సగంలో ఆగింది. నాకు తెలియదు. బాలు పాట పెట్టాను. తబలా ఉంది, వయొలిన్లు ఉన్నాయి, కోరస్ ఉంది. బాలు లేడు. చాలాసేపటికి ఎక్కడో నూతిలోంచి ఆయన గొంతు తాలూకు ప్రతిధ్వని మాత్రం వచ్చింది. కారణం చాలా న్యాయమైనదే: జాక్ సగం దిగితే ఎడమకీ కుడికీ ఉమ్మడిగా ఉండే నేల తీగ (గ్రౌండ్) తగలదు, అప్పుడు ఎడమకీ కుడికీ తేడా ఏముందో అదొక్కటే పలుకుతుంది. గాయకుడి గొంతు రెండువైపులా సమానంగా ఉంటుంది కాబట్టి తీసివేతలో సున్నా. పక్షపాతం లేనివాడు లెక్కలో కనబడడు. ఘంటసాల పాట పెడితే అసలేమీ లేదు, ఆ కాలం రికార్డింగు మోనో, అంటే రెండువైపులా ఒకటే శబ్దం కదా, మొత్తం మనిషే రద్దయిపోయాడు. జాక్ ఇంకో పావు అంగుళం నొక్కితే టప్పుమని ఇద్దరూ బతికొచ్చారు.

నా అవస్థ విని డాలస్ నుంచి మా బామ్మర్ది వీడియో కాల్‌లోకి వచ్చాడు. "బావా, ఇంకా ఆ రంగు రంగుల జాకులేమిటి? ఆప్టికల్ పెట్టు." వాడు చెప్పాడంటే అమెరికా చెప్పినట్టే మా అత్తగారికి. తెప్పించాను. తోషిబా వారు 1983లో లోకానికి ఇచ్చిన కేబులు, లోపల కాంతి ప్రయాణం చేస్తుంది. గంటసేపు తోసినా కాంతి సంగతి దేవుడెరుగు, కేబులే లోపలికి వెళ్లలేదు. చివర గోరంత ప్లాస్టిక్ టోపీ ఉంటుందనీ అది తీసి పెట్టాలనీ వాడు చెప్పలేదు. టోపీ తీశాక ఎర్రటి వెలుగు కనిపించింది, చాలా అందంగా ఉంది, శబ్దం మాత్రం ఎడమ, కుడి అనే రెండు చానళ్లదే. మామూలు శబ్దమైతే ఆ దారిలో రెండే పడతాయి. ఆరూ వెళ్లాలంటే డాల్బీ లాగానో డీటీఎస్ లాగానో మూటకట్టి పంపాలి, అవతల ఆ మూట విప్పేవాడు ఉండాలి. నా అరవై వాట్ల పెట్టెకి మూట విప్పడం రాదు. "అయితే హెచ్‌డీఎంఐ పెట్టు బావా, దాన్లో ఎనిమిది వెళ్తాయి" అన్నాడు. వెళ్తాయి, కాదనను. అందుకు ఆ ఎనిమిదీ అందుకుని స్పీకర్లకి పంచే రిసీవరు కొనాలి. దాని ధర విన్న మా ఆవిడ ఫోను అందుకుని "తమ్ముడూ, పడుకో" అంది.

సీట్ల కేటాయింపు ఇంకో ప్రహసనం. వినేవాడు ఎదురుగా చూస్తుంటే ముందు స్పీకర్లు రెండూ చెరో 30 డిగ్రీల్లో, వెనకవి 100కీ 120కీ మధ్య డిగ్రీల్లో ఉండాలని అంతర్జాతీయ టెలికమ్యూనికేషన్ యూనియన్ సిఫారసు. ఆ పెద్దలు మా సోఫాను చూడలేదు. అది గోడకి ఆనించి ఉంటుంది. గోడకీ సోఫాకీ మధ్య ఉన్నది గత సంక్రాంతికి పోయిన రిమోటు మాత్రమే. కొలబద్ద పట్టుకుని 110 డిగ్రీలు కొలిస్తే ఎడమన చెప్పుల స్టాండు వచ్చింది, కుడిన ఫ్రిజ్ వచ్చింది. సిఫారసు సిఫారసే, పెట్టేశాను. మధ్య స్పీకరు మానిటరు కిందికి వెళ్లింది. దుమ్ము పడుతుందని మా అమ్మ దాని మీద క్రోషియా గుడ్డ కప్పింది. ఒకప్పుడు టీవీకి, అంతకుముందు రేడియోకి కప్పిన గుడ్డే అది. మూడు తరాల గొంతుల్ని మూసిన ఘనత దానిది.

అంతా అయ్యాక మా ఆవిడ లేచి ఫ్రిజ్ దగ్గరికెళ్లి, వెనక కుడి స్పీకరుకి చెవి ఆనించింది.

"ఇది పనిచేస్తోందా?"

"చేస్తుంది. ఈ పాటలో దానికి పని లేదు. స్టీరియో కదా, ముందు రెండిట్లోనే వస్తుంది."

"ఇంకో పాట పెట్టండి."

"అదీ స్టీరియోనే."

"మరి దీనికి పని ఉన్న పాట ఏది?"

అధ్యక్షా, ఇది నక్షత్రం గుర్తు ప్రశ్న. దీనికి జవాబు సభలో పెట్టడానికి గడువు కోరాను, ఇప్పటికీ గడువులోనే ఉన్నాను. మనం వినే పాటలు దాదాపు అన్నీ రెండు చానళ్లు, బ్రౌజరులో చూసే వీడియోల్లో చాలావరకు రెండు చానళ్లు, వార్తల్లో ఎనిమిది మంది ఒకేసారి అరుచుకున్నా అదీ రెండు చానళ్లలోనే. స్పీకర్ ఫిల్ అని సెట్టింగుల్లో ఒక గడి ఉంటుంది, టిక్కు పెడితే ముందువాళ్లు చెప్పిందే వెనకవాళ్లూ చెబుతారు. నేను పెట్టలేదు. నాయకుడి మాటనే తిప్పి చెప్పే వెనక బెంచీ సభ్యులు ఈ దేశంలో కావలసినంత మంది ఉన్నారు, ఫ్రిజ్ మీద ఇంకొకడెందుకు?

ఆయన నోరు విప్పిన రోజుకి వస్తాను. ఒక ఆదివారం మా మేనల్లుడు పాత డీవీడీ ఒకటి, దాన్ని తిప్పే డ్రైవు ఒకటి తెచ్చాడు. పల్లెటూరి సినిమా. అట్ట మీద ఫైవ్ పాయింట్ వన్ అని ఉంది. ఇల్లంతా కూర్చున్నాం. మొదటి సీన్లోనే హీరోయిన్ నాన్నను పలకరించింది. పెద్ద బానలో గుమ్మడికాయ దొర్లినట్టు వచ్చింది గొంతు. నారింజ తీగలో మధ్యా సబ్‌వూఫరూ పక్కపక్కన ప్రయాణం చేస్తాయి, కొన్ని పెట్టెల్లో ఆ ఇద్దరి సీట్లూ తారుమారవుతాయి. అలా హీరోయిన్ మాటలన్నీ సబ్‌వూఫర్‌కి వెళ్లాయి. వాటిని అటూ ఇటూ మార్చే గడి నేను వెతుక్కునే లోపు ఆవిడ ఒక ప్రేమలేఖ మొత్తం ఉరుముతూ చదివేసింది. కింది ఫ్లాటులో అది ఎలా వినిపించి ఉంటుందో ఊహించుకోండి.

గడి మార్చాక గంట వరకు అంతా సవ్యం. సినిమాలో మధ్యాహ్నం, పెంకుటిల్లు, అరుగు మీద ముసలాయన, చప్పుడు లేదు. అప్పుడు ఫ్రిజ్ మీంచి, ఆవకాయ జాడీ పక్క నుంచి, స్పష్టంగా,

"కావ్."

అదే ఆయన కన్నెప్రసంగం. నేను సోఫాలోంచి లేచి నిలబడ్డాను. పదకొండు నెలలు, మూడు రంగుల తీగలు, ఒక ఆప్టికల్ కేబులు, 110 డిగ్రీలు, అన్నీ ఆ ఒక్క కాకి కోసమే. "విన్నారా? వెనక నుంచి వచ్చింది!" అన్నాను.

ఎవరూ తెర వైపు చూడటం లేదు. మా ఆవిడ ఫ్రిజ్ కంప్రెసరు పోయిందేమోనని తలుపు తీసి చూస్తోంది. మేనల్లుడు కిటికీ వేస్తున్నాడు. మా అమ్మ కొంగు దోపుకుని వంటింట్లోకి నడిచింది. "కాకి అరిచిందిరా. చుట్టాలొస్తారు. ఒక గ్లాసు బియ్యం ఎక్కువ కడుగుతా" అంది. అది సినిమాలో కాకి అని చెప్పాను. "కాకి కాకే" అంది.

కుక్కర్ మూడో కూత కూసేసరికి కాలింగ్ బెల్లు మోగింది. తలుపు తీస్తే కింది ఫ్లాటాయన, లుంగీ మీద చొక్కా వేసుకుని, మొహం ఎర్రగా చేసుకుని. "ఏమండీ, గంట నుంచి మా సీలింగు..." అని ఆయన మొదలుపెట్టేలోపే వెనక నుంచి మా అమ్మ గొంతు:

"రా నాయనా, లోపలికి రా. ఇందాకే కాకి చెప్పింది. కంచం పెట్టేశాను."