సెర్గో జకరియాడ్జే గురించి ఇంకాస్త

జార్జియా దేశపు సినిమా మీద మీరు రాసిన వ్యాసంలో దర్శకులందరూ ఉన్నారు, నటుడు సెర్గో జకరియాడ్జేకి మాత్రం ఒక్క వాక్యమే దక్కింది. నాకు బాధేసింది. 1909లో బాకూలో పుట్టిన ఆయన ప్రధానంగా నాటకాల మనిషి. 1964లో వచ్చిన 'సైనికుడి తండ్రి' సినిమాలో, గాయపడిన కొడుకును వెతుక్కుంటూ రెండో ప్రపంచ యుద్ధంలోకి వెళ్లే ముసలి ద్రాక్ష రైతుగా చేశారు. తమ సైన్యం ట్యాంకే ద్రాక్షతోటను తొక్కేస్తుంటే అడ్డుపడి దాన్ని నడిపే కుర్ర సైనికుడి మీద విరుచుకుపడతాడు చూడండి, అక్కడ నటన అనేదే కనిపించదు, రైతే కనిపిస్తాడు! ఆ పాత్రకే 1965లో మాస్కో చిత్రోత్సవంలో ఉత్తమ నటుడయ్యారు. తర్వాత 'వాటర్లూ' సినిమాలో ప్రష్యా సేనాని బ్లూషర్ కూడా ఆయనే. 1971లో పోయారు. జార్జియాలోని గుర్జానీ పట్టణంలో ఆ తండ్రి పాత్రకు పెద్ద విగ్రహమే ఉంది. దయచేసి ఆయన మీద విడిగా ఒక వ్యాసం రాయండి.