సవరణ: ‘మోఆనా’లో ఏది ఏర్పాటు, ఏది నిజం

పసిఫిక్ దీవులైన సమోవాలోని పల్లె జీవితాన్ని ‘మోఆనా’ (1926) అనే డాక్యుమెంటరీ సినిమా ఉన్నదున్నట్టు పట్టిందని మా ముందటి పోస్టులో ఉంది. దాన్ని ఇలా సవరించి చదవండి. సవాయి దీవిలోని సఫూనె ఊళ్లో దర్శకుడు రాబర్ట్ ఫ్లాహెర్టీ దాన్ని చిత్రీకరించే నాటికే జనం మిషనరీల కాలపు గుడ్డలు కడుతున్నారు. సియాపో అనే సంప్రదాయ బెరడు బట్టలు కెమెరా కోసం కట్టించినవి. ఆ బట్ట తయారీ మాత్రం అసలు పనే. కాగితపు మల్బరీ బెరడు ఒలిచి, పైతోలు తీసేసి, లోపలి నారను తడిగా ఉండగానే గవ్వ చిప్పతో గీకి, చెక్క సుత్తితో వెడల్పుగా సాగగొడతారు. ఎండనిస్తే బిరుసెక్కి చిరుగుతుంది. ఆపైన చెక్కిన పలక మీద పరచి రంగు రుద్దుతారు.

పచ్చబొట్టు ఘట్టమూ సినిమా కోసం జరిపించిందే. కానీ నడుము నుంచి మోకాళ్ల దాకా చర్మంలోకి దిగిన పచ్చబొట్టు పనిముట్టు ఎముక పళ్లు, పొడిపించుకున్న కుర్రవాడి నొప్పి నటన కావు. కాబట్టి ‘కల్పితం’ అని కొట్టిపారేయడమూ సరికాదు.