దాచిన కాగితం: ముందు అడిగితేనే చివర్లో ఫలితం

‘అసలు పత్రం ప్రతివాది దగ్గరే ఉంది. కావాలనే తేలేదు. కాబట్టి అది అతనికి వ్యతిరేకమైనదనే అనుకోవాలి.’ సివిల్ కోర్టుల్లో ఆఖరి వాదనల రోజు తరచూ వినపడే మాట ఇది. అప్పుడు జడ్జి నుంచి వచ్చే ప్రశ్న ఒకటే: తెమ్మని మీరెప్పుడు అడిగారు? ఎన్నో మంచి దావాలు ఈ ప్రశ్న దగ్గరే నీరుగారిపోతున్నాయి.

దాచినవాడిపై అలా భావించే అధికారం కోర్టుకు ఉన్నమాట నిజమే. పాత ఎవిడెన్స్ యాక్టులో అది 114వ సెక్షన్, 2024 జూలై 1 నుంచి భారతీయ సాక్ష్య అధినియమ్‌లో 119. రుజువు భారం తనమీద లేకపోయినా, ముఖ్యమైన పత్రాన్ని తొక్కిపెట్టిన పక్షంపై ప్రతికూలంగా భావించవచ్చని గోపాల్ కృష్ణాజీ కేత్కర్ కేసులో 1968లోనే సుప్రీంకోర్టు చెప్పింది. అయితే 2012లో ఇబ్రహీం ఉద్దీన్ కేసులో అదే కోర్టు, ఈ భావన దానంతటదే రాదని స్పష్టం చేసింది. పత్రం చూపించమనీ, తెప్పించమనీ కోరే అవకాశం ఎదుటి పక్షానికి ఉందా, వాడుకుందా అన్నదీ చూడాలంది. మొదటి తీర్పు చదివి రెండోది వదిలేయడమే అసలు పొరపాటు.

ఓ పంపకాల దావా అనుకుందాం. చెల్లెలు వాటా అడిగింది. నాన్న ఉండగానే పంపకాలైపోయాయనీ, పారీఖత్తు (పంపకాల కాగితం) ఉందనీ అన్న తన జవాబులో రాశాడు. జవాబులో పేర్కొన్న పత్రాన్ని చూపించమనడానికి కోర్టు అనుమతి అక్కర్లేదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 11, రూల్ 15 కింద నోటీసు ఇస్తే చాలు. అది అందిన 10 రోజుల్లో, ఎప్పుడు చూసుకోవచ్చో అతను తెలపాలి. ఆ సమయం తెలిపిన 3 రోజుల లోపే ఉండాలి. సరైన కారణం లేకుండా చూపించకపోతే, తర్వాత ఆ పారీఖత్తును తన సాక్ష్యంగా వాడుకునే హక్కు పోతుంది. ఖర్చులేని ఈ నోటీసును ఎందుకు వదులుకోవాలి?

అదే కుటుంబానికి ఉమ్మడి రైసుమిల్లు ఉంటే, దాని లెక్కల పుస్తకాలైన చిట్టా, ఆవర్జాల సంగతి వేరు. జవాబులో వాటి ఊసు లేదు కాబట్టి అదే ఆర్డర్ రూల్ 12 కింద, అన్న దగ్గరున్న పత్రాలేమిటో అతనిచేత అఫిడవిట్ (ప్రమాణ పత్రం) మీద చెప్పించాలి. రూల్ 14 కింద తెప్పించాలి. ‘లెక్కలన్నీ తేవాలి’ అని పిటిషన్ వేస్తే కొట్టేస్తారు. ఏ సంవత్సరాల పుస్తకాలు, అతని దగ్గరే ఉన్నాయనడానికి ఆధారమేమిటి, ఏ ఇష్యూకు (కోర్టు తేల్చాల్సిన అంశానికి) అవసరం అన్నవి రాయాలి. ఇలాంటి పిటిషన్‌ను ‘తీర్పుతో కలిపి చూద్దాం’ అంటూ కోర్టులు పక్కన పెట్టడం అన్యాయం. సాక్ష్యం ముగిశాక వచ్చే ఉత్తర్వు ఎవరికి పనికొస్తుంది?

ఉత్తర్వు వచ్చాకా తేకపోతే రూల్ 21. వాది అయితే దావా కొట్టివేత, అదే కారణంపై కొత్త దావాకు వీలుండదు. ప్రతివాది అయితే అతని డిఫెన్స్ (ఎదురువాదన) తీసేస్తారు. ముందుగా నోటీసిచ్చి, చెప్పుకునే అవకాశం ఇవ్వాలి. ఆ ఉత్తర్వుపై అప్పీలూ ఉంది. ఉద్దేశపూర్వక మొండితనం ఉంటేనే ఇంత దూరం వెళ్లాలని బబ్బర్ సూయింగ్ మెషిన్ కేసులో 1978లో సుప్రీంకోర్టు హెచ్చరించింది. ఒక్క వాయిదా తప్పినందుకు దీన్ని కోరితే పై కోర్టులో నిలవదు.

అసలు పత్రం ఎదుటివారి దగ్గర ఉండి, మన దగ్గర నకలే ఉంటే, తెమ్మని సాక్ష్య అధినియమ్ 64వ సెక్షన్ నోటీసు ఇచ్చాకే సాధారణంగా నకలు సాక్ష్యంగా మార్క్ అవుతుంది. కానీ స్టాంపు లోపమున్న పత్రానికి ఈ దారి మూసుకుపోయింది. అసలు పత్రమే ఉంటే పెనాల్టీ కట్టి సరిచేయించవచ్చు, జిరాక్సుకు ఆ వీలు లేదు. ఆంధ్ర నుంచి వెళ్లిన జూపూడి కేశవరావు కేసులో 1971లో ఇది తేలిపోయింది. నోటీసు అందినా తేనివారు, తర్వాత ఎదుటి పక్షం ఒప్పుకోనిదే, లేదా కోర్టు ఆదేశించనిదే, అదే కాగితాన్ని సాక్ష్యంగా బయటికి తీయలేరు. అది అదే చట్టంలో 167వ సెక్షన్.

ఇక తమ పత్రాలనే ఆలస్యంగా తెచ్చేవారికి మామూలు దావాల్లో కొంత ఊరట ఉంది. 2022లో ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన లేవాకు పెద్ద రెడ్డెమ్మ కేసులో ప్రతివాదుల అదనపు పత్రాలను సుప్రీంకోర్టు అనుమతించింది. విలువ 3 లక్షలకు తగ్గని వాణిజ్య వివాదాల్లో ఆ ఉదారత ఆశించకూడదు. దావాతోనే, తన దగ్గరున్నవన్నీ, తనకు వ్యతిరేకమైనవి సైతం జాబితా ఇచ్చి ప్రమాణం చేయాలి. అందులో లేనిదాన్ని తర్వాత తేవాలంటే, మొదట్లో ఎందుకు పెట్టలేదో కోర్టును ఒప్పించాలి.