డిస్కు కొందామా, నెలచందా కడదామా

టీవీకి తగిలించుకునే గేమ్ మెషీన్ కొనడంతో ఖర్చు అయిపోదు, అక్కడే మొదలవుతుంది. ఆటను డిస్కుగా కొనొచ్చు. మెషీన్‌లోనే ఉన్న స్టోర్ నుంచి డౌన్‌లోడ్ చేసుకోవచ్చు. నెలనెలా చందా కట్టి ఆడుకోవచ్చు. లేదంటే ఉచితంగా మొదలుపెట్టి, ఆట లోపల కాయిన్లకు డబ్బు పొయ్యొచ్చు. పిల్లలున్న ఇంటికి వీటిలో ఏది మంచిదన్నదే ఇక్కడి వాదం.

వాదించేది ఇద్దరు. బాబాయ్ ఒకప్పుడు గుంటూరులో వీడియో గేమ్ పార్లర్ నడిపినవాడు. కీర్తి ఆయన అన్నగారమ్మాయి, హైదరాబాద్‌లో ఉద్యోగం. ఆమె కొడుకు చిన్నాకి పదకొండేళ్లు, ఇంట్లో సోనీ కంపెనీ గేమ్ మెషీన్ ప్లేస్టేషన్ 5 ఉంది. నా మొగ్గు బాబాయ్ వైపే, దాచను. కానీ కీర్తి వేసిన ఒక ప్రశ్నకు మా పక్షాన గట్టి జవాబు లేదు. ఆ ప్రశ్నను ఎక్కడా పలుచన చెయ్యకుండా రాస్తున్నాను.

కీర్తి: ముందు లెక్క చూడు బాబాయ్. సోనీవాళ్ల సొంత ఆట కొత్తది వస్తే ధర 4,999 రూపాయలు. ప్లేస్టేషన్ ప్లస్ అనే వాళ్ల చందాలో ఎక్స్‌ట్రా అనే ప్లాన్‌కి మొన్న నేను కట్టింది నెలకు 749. ఒక్క ఆట డబ్బుతో ఆరు నెలల పైన వందల ఆటలు. ఇందులో వాదించడానికి ఏముంది?

బాబాయ్: వందల ఆటలున్నాయి సరే, చిన్నా ఎన్ని ఆడతాడు? మూడో నాలుగో. మిగతావి పది నిమిషాలు ఆడి వదిలేస్తాడు. పార్లర్‌లో పిల్లల్ని ఏళ్ల తరబడి చూసినవాణ్ణి. ముందు ఇరవై డిస్కులు పరిచి పెట్టినా రోజూ అడిగేది అదే కుస్తీ ఆట, అదే క్రికెట్. ఇంకో సంగతి. ఆ 4,999 డిస్కు ఆడటం అయ్యాక మూడు వేలకు అమ్మితే ఆటకు నీకు పడింది రెండు వేలే. నెలచందా ఎవరికి అమ్ముతావు?

కీర్తి: అమ్మడం అంత తేలికా? ఫొటోలు పెట్టాలి, వచ్చే ఫోన్లకు జవాబు చెప్పాలి, రెండు వేలకిస్తావా అని బేరం, చివరికి వస్తానన్నవాడు రాడు. నాకు అంత తీరిక ఉందా?

బాబాయ్: అందుకే మారకం చెయ్యమంటాను. వాడి క్లాసులో ఇంకో నలుగురికి ఇదే మెషీన్ ఉంది. తలా ఒక ఆట కొంటే ఐదుగురూ ఐదు ఆటలు ఆడతారు. దీన్ని ఆపాలని చూసినవాళ్లకు ఏమైందో తెలుసా? 2013లో మైక్రోసాఫ్ట్ తన కొత్త గేమ్ మెషీన్ ఎక్స్‌బాక్స్ వన్‌ని చూపిస్తూ, మెషీన్ రోజుకొకసారైనా ఇంటర్నెట్‌కి కలవాలంది, వాడిన డిస్కులు చేతులు మారడానికి షరతులు పెట్టింది. జనం విరుచుకుపడ్డారు. సోనీవాళ్లు చిన్న వీడియో చేశారు: ప్లేస్టేషన్‌లో ఆటను స్నేహితుడితో పంచుకోవడం ఎలాగో చూడండి అని, ఒకతను డిస్కు ఇంకొకతని చేతిలో పెడతాడు. అంతే, వీడియో అయిపోయింది. ఆ వీడియో వచ్చిన నెల తిరక్కముందే మైక్రోసాఫ్ట్ వెనక్కి తగ్గింది.

కీర్తి: ఆ సోనీయే 2020లో డిస్కు పెట్టే చోటే లేని మెషీన్ అమ్మింది కదా. ఇప్పుడు వాళ్ల ఖరీదైన ప్రో మోడల్‌కి డ్రైవ్ విడిగా కొనుక్కోవాలి. జనం కూడా అటే వెళ్లారు బాబాయ్, ఎవరూ మెడ పట్టి నెట్టలేదు.

బాబాయ్: నెట్టారు, ధర చూపించి నెట్టారు. మన దేశంలో 2021 ఫిబ్రవరిలో వచ్చినప్పుడు డిస్కు మెషీన్ 49,990, డిస్కు లేనిది 39,990. పదివేలు మిగిలిందని సంతోషం. ఆ తర్వాత ఆ ఇంట్లో సెకండ్ హ్యాండ్ ఆట అన్న మాటే ఉండదు. ఉన్నది ఒకటే దుకాణం, ఆ దుకాణం చెప్పిందే రేటు. అందుకే నీచేత డిస్కు ఉన్నదే కొనిపించాను.

కీర్తి: కొనిపించావు, వాడుతున్నాం. అయినా మీ పార్లర్‌లో డిస్కులన్నీ కంపెనీవేనా?

బాబాయ్: కావు. కాపీ డిస్కులు ఆడేలా చిప్ వేయించిన మెషీన్లే. ఊళ్లో అసలు డిస్కు దొరికేది కాదు, దొరికినా ఆ రేటు పెట్టే పార్లర్ లేదు. అది చట్టప్రకారం తప్పే, సమర్థించను. ఇప్పుడు అసలుది దొరుకుతోంది, కొనే స్తోమత ఉంది. కొన్నది నాదిగా ఉండాలని అడుగుతున్నాను, అంతే.

(ఇక్కడ వాదం ధరల నుంచి అసలు విషయంలోకి వచ్చింది. కట్టిన డబ్బుకు చేతిలో మిగిలేదేమిటి?)

కీర్తి: నాదిగా ఎందుకుండాలి? చందా కొత్తది కూడా కాదు. 1994లోనే అమెరికాలో సెగా కంపెనీ కేబుల్ టీవీ తీగ ద్వారా ఆటలు పంపింది. నెలకింత అని కడితే ఆటల జాబితా, అది మారుతూ ఉంటుంది. మెషీన్ ఆపితే ఆట పోతుంది, మళ్లీ దింపుకోవాలి. అయినా జనం కట్టారు. పిల్లలకు కావాల్సింది కొత్త ఆట, బీరువాలో వస్తువు కాదు.

బాబాయ్: దానికంటే ఎనిమిదేళ్ల ముందు జపాన్‌లో నింటెండో ఇంకో పద్ధతి పెట్టింది. దుకాణంలో ఒక మెషీన్, నీ పాత డిస్కు తీసుకెళ్లి 500 యెన్లు ఇస్తే దాని మీద కొత్త ఆట రాసిచ్చేవాళ్లు. తక్కువ ధర, కొత్త ఆట, పైగా డిస్కు నీ చేతిలోనే. ధర తగ్గించడానికి హక్కు వదులుకోనక్కర్లేదని అప్పుడే చేసి చూపించారు. మరి ఈ చందాలో ఏమవుతోంది? నెలనెలా ఇచ్చే ఆటలు తీసుకుంటావు, లైబ్రరీలో వరసగా కనిపిస్తాయి. చందా ఆగిన రోజు వాటన్నిటి మీదా తాళం బొమ్మ. మళ్లీ కడితే తెరుచుకుంటాయి. ఎక్స్‌ట్రా ప్లాన్ పెద్ద జాబితాలోవైతే నువ్వు కడుతూనే ఉన్నా గడువైపోతే వెళ్లిపోతాయి. చిన్నా సగం ఆడిన ఆట వచ్చే నెల లేదంటే వాడికేం చెప్తావు?

కీర్తి: ఏవి వెళ్తున్నాయో ముందే చూపిస్తారు. అంత నచ్చితే అప్పుడు కొంటాను, చూసి కొన్నట్టు ఉంటుంది. డిస్కు కొనేవాడు కవర్ మీద బొమ్మ చూసి ఐదువేలు పెడతాడు. రాకెట్ లీగ్ పేరు విన్నావా? 2015 జులైలో వచ్చిన రోజే ప్లేస్టేషన్ ప్లస్‌లో ఇచ్చారు. చిన్న కంపెనీ ఆట, కార్లతో ఫుట్‌బాల్. షాపులో డిస్కుగా ఉంటే మనలాంటివాళ్లు చేత్తో కూడా ముట్టుకోరు. చందాదారులు ఊరికే దింపుకుని ఆడారు, ప్రపంచమంతా పాకింది. 2020లో ఫాల్ గైస్ కూడా అంతే. చందా లేకపోతే వాడు ఈ ఆటలు చూసేవాడే కాదు.

బాబాయ్: అది ఒప్పుకుంటా. కొత్త ఆటలు పరిచయం కావడానికి చందా మంచిదే. నా గొడవ అలవాటయ్యాక జరిగేదాని గురించి. ఇది అద్దె ఇల్లు అమ్మాయ్, ఎంత పెంచాలో ఓనరు ఇష్టం. 2023 సెప్టెంబర్‌లో ప్లేస్టేషన్ ప్లస్ ఏడాది చందా పెంచారు. ఎక్స్‌ట్రా మన దగ్గర 4,999 ఉండేది 6,699 అయింది. 2025 అక్టోబర్‌లో మైక్రోసాఫ్ట్‌వాళ్ల చందా ఎక్స్‌బాక్స్ గేమ్ పాస్ పెద్ద ప్లాన్ అమెరికాలో 19.99 డాలర్ల నుంచి 29.99కి పోయింది, ఒక్క దెబ్బకు సగం పెంపు. మన దేశంలో 829 ఉన్నది అప్పుడు 1,389 అయింది. కొన్న డిస్కుకు నిరుడు ఒక రేటు, ఈ ఏడు ఒక రేటు అని ఎవరైనా వచ్చి అడుగుతారా?

కీర్తి: పెంచారు, నిజం. పెంచిన రోజే ఆపేసే హక్కు కూడా నాకుంది. సరే, నువ్వు అస్తమానం చెప్పే ఈ సొంతం సంగతి ఒకటి అడుగుతాను. ద క్రూ అనే కార్ల ఆట 2014లో వచ్చింది. యూబీసాఫ్ట్ కంపెనీది. అది నడవాలంటే కంపెనీ సర్వర్లకు, అంటే వాళ్ల కంప్యూటర్లకు, ఇంటర్నెట్‌లో కలవాలి. 2024 మార్చి 31న వాటిని మూసేశారు. ఆ ఆట డిస్కు మీద కూడా అమ్మారు బాబాయ్. పూర్తి ధర పెట్టి కొన్నవాళ్ల బీరువాల్లో ఆ డిస్కు ఇప్పటికీ ఉంది. మెషీన్‌లో పెడితే ఆట మాత్రం రాదు. నీ డిస్కు ఏం కాపాడింది?

బాబాయ్: ఏమీ కాపాడలేదు.

కీర్తి: నింటెండోవాళ్ల మెషీన్ స్విచ్ 2 సంగతి ఇంకా ఘోరం. 2025 జూన్‌లో వచ్చింది. దాని ఆట కార్డుల్లో కొన్నిటిలో అసలు ఆటే ఉండదు, డౌన్‌లోడ్ చేసుకోవడానికి అనుమతి మాత్రం ఉంటుంది. చేతిలో ప్లాస్టిక్ ఉంటే సొంతమైనట్టేనన్న నీ నమ్మకం పాత రోజులది.

(నా పక్షాన జవాబు లేదన్నది ఈ ప్రశ్నకే. బాబాయ్ కాసేపు ఆగి గానీ మాట్లాడలేదు.)

బాబాయ్: డిస్కు ఉన్నా ఆట పోతుందని నువ్వు నిరూపించావు. దానికి మందు డిస్కు మానెయ్యడమా? ఆ ఆట మూసేశాకే కదా, అమ్మిన ఆటను చంపొద్దని యూరప్‌లో ఉద్యమం లేచింది, పది లక్షలు దాటి సంతకాలు పడ్డాయి. కాలిఫోర్నియాలో 2025 జనవరి నుంచి చట్టం ఉంది. డిజిటల్ సరుకు అమ్మేవాడు ఇది లైసెన్సే, సొంతం కాదని కొనేవాడికి స్పష్టంగా చెప్పాలి. డబ్బు పెట్టి కొన్నాం అన్నవాళ్లే అడిగారు, అడిగే హక్కు వాళ్లకుంది. నెల అద్దె కట్టినవాడు ఏమని అడుగుతాడు? నెల అయిపోయింది, లెక్క తీరిపోయింది అంటారు. ఒక్కడు కూర్చుని ఆడే ఆట డిస్కు మీద పూర్తిగా ఉంటే ఇంకో ఇరవై ఏళ్లకైనా ఆడుకోవచ్చు. సర్వర్ కావాల్సిన ఆటకు డిస్కు కొనొద్దు, అది నేనే చెప్తాను.

కీర్తి: అంటే చూసి కొనాలి. అంతవరకు ఇద్దరం ఒకటే. ఇక కట్టే పద్ధతి. నా క్రెడిట్ కార్డు ఎక్కించి ఆటో రెన్యువల్ పెట్టాను. రిజర్వ్ బ్యాంక్ నిబంధన ప్రకారం కోతకు 24 గంటల ముందు మెసేజ్ రావాలి. వద్దనుకుంటే ఆపుకోవచ్చు. దీనికి ఇంత టెన్షన్ ఎందుకు?

బాబాయ్: ఆ మెసేజ్ రోజుకు వచ్చే యాభై మెసేజ్‌ల్లో ఎక్కడుంటుంది? పైగా పదిహేను వేల లోపు ఇలాంటి కోతకు ఓటీపీ కూడా అడగరు. దానికి బదులు, స్టోర్ అకౌంట్‌లో ముందుగా డబ్బు వేసుకునే వాలెట్ కోడ్ కొను. వెయ్యి రూపాయలది కొంటే పన్నెండు అక్షరాల కోడ్ వస్తుంది, కొట్టగానే అకౌంట్‌లో వెయ్యి చేరుతుంది. ఆ వెయ్యితో చిన్నా ఏం చేసినా పోయేది ఆ వెయ్యే.

కీర్తి: వెయ్యి వేసి 749 కడితే 251 అక్కడే ఉండిపోతుంది, తిరిగి బ్యాంకులోకి రాదు. ఎప్పుడూ ఎంతో కొంత వాళ్ల దగ్గర మూలుగుతూ ఉండాల్సిందే. అమెరికా నుంచి అన్నయ్య బహుమతిగా డాలర్ల కార్డు పంపితే మన ఇండియా అకౌంట్‌లో చెల్లదు కూడా. కార్డుతో కడితే ఎంతో అంతే పోతుంది.

బాబాయ్: 251 ఇరుక్కోవడం నష్టమే. కార్డు ఎక్కించి ఉండటం ఇంకా పెద్ద నష్టం, ఈ కాయిన్ల వల్ల. ఫోర్ట్‌నైట్ ఆట ఉచితం, ప్లేస్టేషన్ ప్లస్ కూడా అక్కర్లేదు. మరి అన్ని వేల కోట్లు ఎక్కడి నుంచి వస్తున్నాయి? ఆటలో బొమ్మకు తొడిగే డ్రెస్సుల నుంచి. డ్రెస్సు ధర రూపాయల్లో ఉండదు, వీ-బక్స్ అనే ఆ ఆట కాయిన్లలో ఉంటుంది. వెయ్యి వీ-బక్స్ ప్యాక్ కొన్నావనుకో, నచ్చిన డ్రెస్సు 1,200 ఉంటుంది. ఇంకో ప్యాక్ కొనాలి. కొన్నాక 800 మిగులుతుంది. అది వృథా పోకూడదని ఇంకో డ్రెస్సు. ఇందాక 251 మిగిలిందని బాధపడ్డావే, ఆ బాధ మీదే ఈ వ్యాపారమంతా కట్టారు. నీకే అంత ఇబ్బందిగా ఉంటే పదకొండేళ్లవాడికి ఎలా ఉంటుంది?

కీర్తి: డ్రెస్సు లేకపోయినా ఆట ఆగదు బాబాయ్. కొంటే గెలుస్తారనీ కాదు. కానీ క్లాసులో డ్రెస్సు లేనివాణ్ణి డిఫాల్ట్, అంటే ఊరికే వచ్చిన వేషంవాడు, అని ఏడిపిస్తారు. వాడు ఇంటికొచ్చి ముఖం మాడ్చుకుని కూర్చుంటే చూస్తూ ఊరుకోలేను. నెలకు ఐదొందలు వాడి సరదాకి ఇస్తే తప్పేంటి? మా నాన్న మీ పార్లర్‌కి వెళ్లమని అన్నయ్యకు డబ్బులిచ్చేవాడు కాదూ?

బాబాయ్: ఇచ్చేవాడు, చేతికి. ఇరవై ఇస్తే రెండు గంటలు, అయిపోతే ఇంటికి. వాడికి ఖర్చు కళ్లకు కనిపించేది. ఇక్కడ ఖర్చు కనిపించకుండా చేశారు. అమెరికా ప్రభుత్వ సంస్థ ఎఫ్‌టీసీ ఫోర్ట్‌నైట్ తయారుచేసిన ఎపిక్ గేమ్స్ మీద 2022 డిసెంబర్‌లో ఇదే పట్టుకుంది. స్లీప్‌లో ఉన్న ఆటను లేపుదామని నొక్కినా, ఆట లోడ్ అవుతుండగా నొక్కినా, వస్తువును చూద్దామని నొక్కినా, ఒక్క బటన్‌తో కొనేసినట్టు అయ్యేదట. తల్లిదండ్రుల అనుమతి లేకుండానే పిల్లలు కొనేశారు. డబ్బు తిరిగివ్వమని బ్యాంకులో ఫిర్యాదు చేసినవాళ్ల అకౌంట్లకు తాళం వేశారట. ఇందుకు 24.5 కోట్ల డాలర్లు వెనక్కి ఇవ్వాలన్నారు. పిల్లల వివరాల విషయంలో మరో 27.5 కోట్ల జరిమానా.

కీర్తి: అంటే పట్టుకునేవాళ్లు ఉన్నారు, మారింది కూడా.

బాబాయ్: అక్కడ పట్టుకున్నారు. ఫుట్‌బాల్ ఆటలో ఏ ఆటగాడు వస్తాడో తెలియకుండా డబ్బుతో ప్యాకెట్ తెరిపించే పద్ధతిని బెల్జియం 2018లో జూదమంది. మరుసటి జనవరిలో ఆ ఆట తయారుచేసే ఈఏ కంపెనీ ఆ దేశంలో ప్యాకెట్లు తెరిచే పాయింట్లు అమ్మడం మానేసింది. బెల్జియం పిల్లాడికి జూదమైనది గుంటూరు పిల్లాడికి ఆటెలా అవుతుంది? ఈ ఒక్క విషయంలో నేను బేరానికి రాను కీర్తి. డిస్కు కొను, చందా కట్టు, అది నీ ఇష్టం. లోపల ఏముందో తెలియని ప్యాకెట్‌కి మాత్రం రూపాయి వద్దు.

కీర్తి: ప్యాకెట్లు వద్దు, సరే. దానికి నాకు వాదన లేదు. డ్రెస్సు వేరు, కనిపించేది కొంటున్నాడు. ఇలా చేద్దాం. చిన్నాది పిల్లల అకౌంట్, నెలకు ఇంత అని ఖర్చు పరిమితి పెట్టొచ్చు. ఇప్పుడే ఐదొందలు పెడతాను. ప్రతి కొనుగోలుకూ పాస్‌వర్డ్ అడిగేలా కూడా చేస్తాను.

బాబాయ్: పరిమితి సున్నా పెట్టు. ఐదొందలు వాడి చేతికివ్వు. డ్రెస్సు కావాలన్న రోజు ఆ నోటు నీకు తెచ్చిచ్చి అడుగుతాడు, అప్పుడు నువ్వు కోడ్ కొని, ఆ మేరకే పరిమితి పెంచు. అడగడానికి వచ్చేలోపు సగం కోరికలు పోతాయి. వీళ్ల స్టోర్‌లో డౌన్‌లోడ్ మొదలుపెట్టాక నచ్చలేదంటే డబ్బు వెనక్కి రాదు, పద్నాలుగు రోజుల గడువు ముట్టుకోనివాటికే. ఆలోచించుకునే టైమ్ ముందే ఉండాలి.

కీర్తి: చందా మాత్రం తియ్యను. ఏడాదిది కట్టను, నెలది కడతాను. సెలవుల్లో రెండు నెలలు, తర్వాత ఆపేస్తాను. పరీక్షలప్పుడు ఎలాగూ ఆడడు.

బాబాయ్: ఆటో రెన్యువల్?

కీర్తి: కట్టిన రోజే ఆపేస్తాను. ఆపినా ఆ నెల చివరిదాకా ఆడుకోవచ్చు.

బాబాయ్: కార్డు?

కీర్తి: కార్డు ఉండనీ బాబాయ్, పరిమితి సున్నా పెట్టాక ఇంకేం భయం?

బాబాయ్: కార్డు తీసెయ్యి. నీ పాస్‌వర్డ్ చిన్నాకి తెలుసు. నిన్న నా ఎదురుగానే కొట్టాడు.